‘ఆచంద్రార్కం’: కలిపి రాయాల్నా, విడగొట్టాల్నా?

ప్రశ్న: దాన శాసనాల పాఠాలల్ల ‘ఆచంద్రార్కస్థాయిగా ఇచ్చితిమి’ అని వస్తది. కొందరు ‘ఆ చంద్రార్కం’ అని విడగొట్టి అచ్చేస్తున్నరు. ఏది రైటు? ఇంకొకటి. నల్లగొండ చుట్టూ ఎటు చూసినా గుట్టలే, రాసింది గూడ రాయి మీదనే. మరి గుట్ట ఉన్నన్ని దినాలు అనకుండ సూర్యచంద్రులను ఎందుకు పట్టుకొచ్చిండ్రు?

జవాబు: కలిపే రాయాలి. ఇది ‘ఆ ఊరు, ఆ ఇల్లు’లో ఉన్న తెలుగు ‘ఆ’ కాదు. హద్దు చెప్పే సంస్కృతపు ‘ఆ’. ఆ + చంద్ర + అర్క, అంటే చంద్రుడూ సూర్యుడూ ఉన్నంతవరకు. అవ్యయీభావ సమాసం. ఆమూలాగ్రం, ఆబాలగోపాలం ఇదే అచ్చులో పోసినవి. విడగొడితే ఆకాశం దిక్కు వేలు చూపినట్టు అయితది. ‘అచంద్రార్కం’ అని పొట్టి అకారం పడితే ఇంకా చెడ్డది, ‘లేని’ అనే అర్థం వస్తది. గరుకు గ్రానైటులో స్ఫటికం ఊడి అక్షరం వంపు పోయినచోట ఈ పొరపాటు జరుగుతుంది. పక్కన ‘స్థాయి’ ఉంటే దీర్ఘమే అనుకోవాలి.

గుట్ట సంగతి: దానానికి రెండు హద్దులు, పొలానికొకటి, కాలానికొకటి. గుట్ట, గుండు, చెరువుకట్ట పొలం హద్దులల్ల వస్తయి. ‘ఆసేతుహిమాచలం’లో కొండ కొలిచేది చోటునే.

ఇంకో జవాబు: కొండతో కాలాన్ని కొలవలేదంటే ఒప్పుకోను. వాల్మీకి బాలకాండ రెండో సర్గలో ‘యావత్ స్థాస్యంతి గిరయః’ అని ఉంది. భూమ్మీద కొండలూ నదులూ నిలిచినంత కాలం రామకథ ఉంటుందని బ్రహ్మ వరం. కొండకున్న సంస్కృతం పేర్లలోనూ ఆ భావమే: అచలం కదలనిది, నగం పోనిది. అందుకే నగధరుడంటే కొండనెత్తిన కృష్ణుడు, నగలు పెట్టుకున్నవాడు కాదు. అమరకోశంలో ‘అహార్యం’ కూడా ఉంది, ఎత్తుకుపోరానిదని. (క్వారీ లారీలు అప్పటికి లేవు మరి.) మన తెలుగు మాటలు మాత్రం ఆకారాన్నే పట్టుకున్నాయి: విడిగా నిలిచింది గుండు, నేలకు పరుచుకున్నది పరుపుబండ. వాటిలో కాలం ఊసు లేదు. ఇక్కడి రాయి వయసు దాదాపు 250 కోట్ల ఏళ్లు. నల్లగొండ పక్కనున్న పానగల్లు నుంచి కందూరు చోడ రాజులు ఏలింది 11, 12 శతాబ్దాల ముచ్చట. దానమిచ్చిన చేతులు పోయాయి, పుచ్చుకున్న వంశాలు ఎటు పోయాయో, హద్దురాయిగా రాసిన గుండు అక్కడే ఉంటుంది.

ప్రశ్న అడిగినాయన: సరే సార్. ‘ఆసేతుహిమాచలం’ గూడ కలిపేనా?

జవాబు: కలిపే. ‘ఆ సేతు’ అని రాస్తే ఏ సేతు అని అడుగుతరు.