స్టోరీబోర్డు గీసేవారు రచయితలా, కారా?

గీతలబడి:
పదేళ్లుగా యానిమేషన్ చిత్రాలకు స్టోరీబోర్డులు, అంటే సన్నివేశాలను వరుసగా చూపే చిత్తు బొమ్మలు, గీస్తున్నాను. కిందటి చిత్రం స్క్రిప్టులో ఒకచోట "అక్కాచెల్లెళ్లు రాజీపడతారు" అని మాత్రమే ఉంది. దాన్ని నూట ఎనభై బొమ్మల సన్నివేశంగా మలిచాను. అలిగి గడప దాటిన చెల్లెలు, గొడుగు మరిచిపోయిన నెపంతో వెనక్కి రావడం పూర్తిగా నా ఊహ. అయినా రచన కింద నా పేరు వేయలేదు. ఇది న్యాయమేనా?

మాటలమూట:
నేను స్క్రిప్టులు రాస్తాను. మీ శ్రమను తక్కువ చేయను. కానీ కథ ఎక్కడ మలుపు తిరగాలో, ఏ పాత్ర ఎందుకు మారాలో తేల్చేవారే రచయితలు. మంచి నటులు ఒక్క వాక్యానికి ప్రాణం పోస్తారు, వారిని రచయితలు అనం కదా? రాజీ కుదరాలని చెప్పింది స్క్రిప్టే.

పెన్సిల్‌పొట్టు:
నటుల పోలిక ఇక్కడ నిలవదండి. వారి చేతికి సన్నివేశం రాసి ఇస్తారు. స్టోరీబోర్డు గీసే స్టోరీ ఆర్టిస్టు చేతికి చాలాసార్లు ఒక వాక్యమే వస్తుంది. బొమ్మలు గీసి, దర్శకుడి ముందు అన్ని పాత్రల మాటలూ తామే పలికి చూపించాలి. కథ పట్టు తప్పిందంటే ఆ బొమ్మలు పక్కన పడేసి మళ్లీ మొదలుపెట్టాలి. తర్వాత వాటికి తాత్కాలిక గొంతులు జోడించి రీలుగా చూస్తారు. లోపాలు అక్కడ బయటపడితే స్క్రిప్టు కూడా మారుతుంది. దీన్ని రచన అనకపోతే ఇంకేమనాలి?

బిల్ పీట్‌నే చూడండి. 1937లో డిస్నీలో చేరారు. డోడీ స్మిత్ నవల ఆధారంగా 1961లో వచ్చిన 'వన్ హండ్రెడ్ అండ్ వన్ డాల్మేషియన్స్'కు స్క్రీన్‌ప్లే ఒక్కరే రాశారు, స్టోరీబోర్డులూ ఆయనే గీశారు. 1964లో బయటికి వచ్చి, పిల్లల పుస్తకాలు రాస్తూ బొమ్మలు వేస్తూ గడిపారు. ఆయనలో రచయిత ఎక్కడ ఆగి చిత్రకారుడు ఎక్కడ మొదలయ్యాడో గీత గీసి చూపగలరా?

మాటలమూట:
పీట్ రెండు పనులూ చేశారు కాబట్టి ఆ పేరు ఆయనకు దక్కింది. 1991 నాటి 'బ్యూటీ అండ్ ద బీస్ట్'లో స్క్రీన్‌ప్లే లిండా వుల్వర్టన్ పేరున ఉంటే, బ్రెండా చాప్‌మన్, జో రాన్ఫ్ట్ వంటి స్టోరీ ఆర్టిస్టుల పేర్లు 'కథ' కింద విడిగా ఉన్నాయి. నాకు అది సరైన పద్ధతిగా తోస్తుంది.

పెన్సిల్‌పొట్టు:
ఆ 'కథ' అన్న మాటనైనా అందరికీ ఇవ్వమనే అడుగుతున్నాం. అమెరికాలోని యానిమేషన్ గిల్డ్‌లో రచయితలూ స్టోరీ ఆర్టిస్టులూ ఒకే సంఘం సభ్యులు. తెరమీదికి వచ్చేసరికి ఇంత దూరమెందుకు?

మాటలమూట:
సరే, ఒక హద్దు ఒప్పుకుంటాను. ఉన్న సన్నివేశాన్ని బాగా చూపడం వేరు, కథను మార్చే విషయం బోర్డు మీద పుట్టడం వేరు. రెండోదానికి రచనలో వాటా ఉండాలి. గీతలబడి గారూ, మీ గొడుగు ఏ కోవలోకి వస్తుంది?

గీతలబడి:
చిత్రం చివర అక్క అదే గొడుగు పట్టుకుని చెల్లెలిని వెతుక్కుంటూ వెళుతుందండి. నా బోర్డు చూశాక రచయిత ఆ ముగింపును స్క్రిప్టులో చేర్చారు.