గల్ఫ్ డబ్బుతో ఊళ్లు బాగుపడ్డాయా, మేడలే మిగిలాయా?

లెక్కల_మాస్టారు:
మొన్న ఒక పెళ్లికి జగిత్యాల వైపు వెళ్లాను. ఒకే వీధిలో తొమ్మిది మేడలు, ఐదింటికి తాళాలు. ఒకదాని గేటు లోపల గడ్డి మోకాలెత్తు పెరిగింది. ఎవరివని అడిగితే "దుబాయోళ్లవి" అన్నారు.

దేశం మొత్తం మీద చూస్తే బయటి నుంచి వచ్చే డబ్బు గొప్ప సంగతే. ప్రపంచ బ్యాంకు అంచనా ప్రకారం 2024లో మనకు వచ్చింది దాదాపు 129 బిలియన్ డాలర్లు, ప్రపంచంలోనే మొదటి స్థానం. రెండో స్థానంలోని మెక్సికోకు అందులో సగానికి కొంచెం ఎక్కువ. రిజర్వు బ్యాంకు సర్వే ప్రకారం 2023-24లో తెలంగాణ వాటా 8.1 శాతం, ఆంధ్రప్రదేశ్‌ది 4.4. కానీ ఆ ఊళ్లో ఒక కోల్డ్ స్టోరేజీ లేదు, చిన్న ఫ్యాక్టరీ లేదు. డబ్బంతా ఇటుకల్లోకి పోయింది. నా దృష్టిలో అది ఖర్చే, పెట్టుబడి కాదు. మీరేమంటారు?

షార్జా_మేస్త్రి:
సార్, ఆ ఐదింట్లో ఒకటి నాదే కావచ్చు. 14 ఏళ్లుగా ఇక్కడ సెంట్రింగ్ పని చేస్తున్నాను. నా ఇల్లు ఏడాదిన్నర కట్టారు. ఆ ఏడాదిన్నర మా ఊరి మేస్త్రి, కరెంటు పిల్లగాడు, సిమెంటు షాపాయన, ఇసుక ట్రాక్టరాయన అందరూ ఆ పైసలతోనే తిన్నారు. మీరు జీతంతో ఇల్లు కట్టుకుంటే ఆస్తి, మేం కడితే దుబారానా?

లెక్కల_మాస్టారు:
దుబారా అనలేదండి. ఇల్లు కట్టేటప్పుడు డబ్బు ఒకసారి చేతులు మారుతుంది, గృహప్రవేశంతో ఆగిపోతుంది. ఇంకోటి, మీ ఇటుకలు చేసింది ఎవరు? బట్టీల్లో ఎక్కువమంది బలంగీర్, నువాపడ నుంచి వచ్చిన ఒడిశా కూలీలు. అంటే షార్జాలో మీరు సంపాదించింది సగం దారిలో మళ్లీ వలస డబ్బై ఒడిశా వెళ్లింది. కేరళ చూడండి. 2023 మైగ్రేషన్ సర్వే లెక్కన అక్కడికి వచ్చింది 2.16 లక్షల కోట్లు. అయినా పెద్ద పరిశ్రమలు రాలేదు, పనులకు బెంగాల్, అస్సాం వాళ్లు రావాల్సి వచ్చింది.

ఊరికే_చూస్తున్నా:
టీ పెట్టుకుని వచ్చా. కానివ్వండి.

షార్జా_మేస్త్రి:
ఒడిశా వాళ్లు తింటే తప్పేంది సార్? వాళ్లదీ మా బతుకే.

ఇంకో లెక్క చెప్తా, మీరు లెక్కల సారు కదా. 2011లో నేను వచ్చేటప్పుడు ఏజెంటుకు లక్షా ఇరవై వేలు కట్టాను, మూడు రూపాయల వడ్డీకి తెచ్చి. నెలకు వడ్డీయే 3,600. జీతం 900 దిర్హాములు, మెస్సుకు 250 పోతుంది. అప్పుడు దిర్హాం పన్నెండు, పదమూడు రూపాయలు. రెండేళ్లకు పైగా నా పైసలు వడ్డీ వ్యాపారి ఇంటికే పోయాయి. పెట్టుబడి పెట్టు అంటున్నారు, ఏది మిగిలితే పెట్టాలి?

డాలస్_నుంచి:
మాస్టారూ, ఆ 8.1 శాతం అంతా గల్ఫ్ డబ్బు కాదు. అదే సర్వేలో దేశానికి అమెరికా నుంచి వచ్చింది 27.7 శాతం, యూఏఈ నుంచి 19.2. తెలంగాణ లెక్కలో మా సాఫ్ట్‌వేర్ వాళ్లం కూడా ఉన్నాం. పనిలో పని, 2026 జనవరి 1 నుంచి ఇక్కడ అమెరికాలో నగదు ఇచ్చి పంపితే ఒక శాతం పన్ను. బ్యాంకు ఖాతా నుంచి పంపితే లేదు. చాలామంది అనవసరంగా టెన్షన్ పడుతున్నారు.

షార్జా_మేస్త్రి:
అన్నా, మీ బాధ వేరు. ఇక్కడ ఇల్లు దుబారానా కాదా అనేది తేలాలి.

రాయచోటి_అక్క:
నేను కువైట్‌లో పదకొండేళ్లు ఇంటిపని చేసి వచ్చాను. మేడ కట్టలేదు. పెద్దమ్మాయి బీఎస్సీ నర్సింగ్ చేసింది, చిన్నోడు డిగ్రీ చదువుతున్నాడు. మాస్టారూ, ఇది మీ లెక్కలో ఏ గడిలో రాస్తారు? ఇంకో మాట. మొదటి నాలుగేళ్లు మా ఆయన ఖాతాకు వేశాను. సెలవుకు వచ్చి పాస్‌బుక్ చూస్తే 212 రూపాయలున్నాయి. తర్వాత మా అమ్మ పేరున వేశాను. ఎంత వచ్చిందనే కాదు, ఎవరి చేతికి వచ్చిందనేది కూడా చూడాలి.

లెక్కల_మాస్టారు:
అమ్మా, చదువు పెట్టుబడే, అందులో సందేహం లేదు. నా కోపం మీ మీద కాదు, ప్రభుత్వాల మీద. 1990లో కువైట్ యుద్ధమప్పుడు దాదాపు లక్షా డెబ్బై వేల మందిని విమానాల్లో తెచ్చుకున్నాం. అక్కడి డబ్బు ఆగింది, చమురు మండింది, అప్పులు ముందే ఉన్నాయి. 1991లో 47 టన్నుల బంగారం తాకట్టు పెట్టాం. అప్పటికే అర్థం కావాలి, ఈ డబ్బు మీద ఎంత ఆధారపడ్డామో. అయినా ఏం చేశారు? 2020 సెప్టెంబరులో గల్ఫ్ కార్మికుల కనీస జీతాల పరిమితిని కేంద్రమే తగ్గించింది, జీతం ఎక్కువైతే కంపెనీలు వేరే దేశాల వాళ్లను తీసుకుంటాయని. గొడవై, కోర్టుకెక్కాక 2021లో వెనక్కి తీసుకున్నారు. మనుషుల్ని ఎగుమతి చేసి డాలర్లు తెచ్చుకోవడం అలవాటైతే ఇక్కడ ఉద్యోగాలు పెంచే పని ఎవరు చేస్తారు?

పసుపు_రైతు:
నిన్నటి నుంచి చదువుతున్నా. ఇల్లు, ఇల్లు, ఇల్లు. భూమి గురించి ఒక్కరూ మాట్లాడరేం?

మా ఊర్లో 2006లో ఎకరం రెండున్నర లక్షలు. ఇప్పుడు ముప్పై ఐదు. పసుపు ఉడకబెట్టి, ఎండబెట్టి, మార్కెట్లో మూడు రోజులు పడిగాపులు కాసి నేనెప్పుడు కొనాలి ఎకరం? దుబాయ్ నుంచి నలభై రోజుల సెలవుకు వస్తారు, రెండెకరాలు రిజిస్ట్రేషన్ చేసుకుని పోతారు. తర్వాత ఆ భూమే నాకు కౌలుకిస్తారు. నేను పుట్టిన ఊర్లో నేను కౌలుదారుణ్ని.

షార్జా_మేస్త్రి:
భూమి ధర మేం పెంచినమా? హైదరాబాద్ రియల్ ఎస్టేటోళ్లు కొనలేదా? ఉద్యోగస్తులు కొనలేదా? అమ్మినోళ్లు మీ ఊరోళ్లే కదా, వాళ్లను అడుగు. ఇక్కడ జూన్ 15 నుంచి సెప్టెంబరు 15 దాకా మధ్యాహ్నం పన్నెండున్నర నుంచి మూడు వరకు పని ఆపుతారు. ఆ రెండున్నర గంటలే మాకు నీడ. చెట్టు కింద కూర్చుని మాట్లాడేవాళ్లకు ఏం తెలుసు?

పసుపు_రైతు:
చెట్టు కిందనా? కష్టం నీ ఒక్కడిదేనా?

మా అన్న మస్కట్‌లో పద్దెనిమిదేళ్లున్నాడు. నాన్నకు పక్షవాతం వచ్చి ఆరేళ్లు మంచంలో ఉన్నాడు. లేపింది, కడిగింది, రాత్రి రెండుగంటలకు ఆటోలో దవాఖానాకు తీసుకుపోయింది నేను, నా భార్య. అన్న నెలకు పదివేలు పంపేవాడు, కాదనను. నాన్న పోయాక పెద్దమనుషుల ముందు నోట్‌బుక్ తీశాడు. ఏ నెల ఎంత పంపాడో తారీఖులతో సహా రాసుంది. ఆ లెక్కన అతనికి రెండెకరాలు, నాకు ఒకటి. నా ఆరేళ్లు ఏ బుక్కులో ఉన్నాయి చెప్పు.

మోడరేటర్:
మధ్యలో ఇద్దరు బూతులు రాశారు, ఆ రెండు పోస్టులు తీసేశాను. ఇంట్లోవాళ్ల మీదికి వెళ్లొద్దు.

రాయచోటి_అక్క:
తమ్ముడూ, మా అమ్మ నా పిల్లల్ని పదకొండేళ్లు పెంచింది. ఆమెకు నేను ఏం రాసిచ్చాను? చీరలు తెచ్చాను, అంతే.

షార్జా_మేస్త్రి:
రాత్రి డ్యూటీలో ఉన్నా, ఇప్పుడే చూశాను.

బుక్కు నా దగ్గరా ఉంది. పచ్చ అట్టది. పైసలు పంపిన ఎక్స్ఛేంజ్ రసీదులన్నీ అంటించి పెట్టాను. అమ్మ షుగర్ మందులకు ఎంత పంపానో ఉంది. ఆ మందులు ఎవరు తెస్తున్నారో రాయలేదు. తెచ్చేది మా తమ్ముడే.

కానీ భూమి ధర మావల్లే పెరిగిందంటే మాత్రం ఒప్పుకోను.

పసుపు_రైతు:
ఒప్పుకోకు. ఈసారి కౌలు పెంచేటప్పుడు మీ తమ్ముణ్ని అడిగి పెంచు.

లెక్కల_మాస్టారు:
మనం అసలు ప్రశ్న వదిలేశాం. ఇల్లు పెట్టుబడా, కాదా? ఆర్థికశాస్త్రంలో...

ఊరికే_చూస్తున్నా:
మాస్టారూ, ప్లీజ్.

కొత్త_సభ్యుడు_కోరుట్ల:
షార్జా అన్నా, సెంట్రింగ్ పనికి వీసా ఇప్పుడు ఎంత నడుస్తుంది? మా బావమరిదిని లక్షా యాభై అడుగుతున్నారు. ఆజాద్ వీసా అంటున్నారు.

షార్జా_మేస్త్రి:
వద్దు. ఏజెంటు తీసుకోవాల్సింది రూల్ ప్రకారం 30,000, దాని మీద జీఎస్టీ. కేంద్ర ప్రభుత్వ వెబ్‌సైట్ ఈ-మైగ్రేట్‌లో అతని లైసెన్స్ నంబరు ఉందేమో చూడు. లేకపోతే పాస్‌పోర్ట్ చేతికివ్వొద్దు. ఆజాద్ వీసా అంటే ఇక్కడికి దిగాక కంపెనీ ఉండదు, పని నువ్వే వెతుక్కోవాలి. పని దొరికినా ఖల్లివెల్లి బతుకే, అంటే సరైన కాగితాల్లేకుండా దాక్కుని బతకడమే. వివరాలు నాకు విడిగా మెసేజ్ పెట్టు, సాయంత్రం డ్యూటీ దిగాక ఫోన్ చేస్తా.