సంగమ కుండి: ఆరూ ఆరూ కలిస్తే పన్నెండా, పగులా?

గండిపేట గారడీ:
ఆదివారం మా ఆటలో జరిగిన గొడవ ఇది. మీరే తేల్చండి.

తెలియనివాళ్ల కోసం ముందు సంగతి. కాచిగూడలో ఒక ఫ్రెండ్ డాబా మీద ఆరుగురం చేరి, ఇరవై ముఖాల డైస్ వేసుకుంటూ ఆడే కథ. రాజ్యాలు, మంత్రాలు అన్నీ కథ నడిపే మా గేమ్ మాస్టర్ సొంత కల్పన. అందులో సంగమ కుండి అని ఒకటుంది. ఇత్తడి కొమ్ముచెంబు అనుకోండి, కాకపోతే పైన రెండు మూతులు, పక్కన ఒక్కటే కొమ్ము. ఒక్కో మూతిలో ఒక్కో శక్తి పోస్తే కొమ్ములోంచి రెండూ కలిసి వస్తాయి. నోట్‌బుక్‌లో మాస్టర్ చేత్తోనే రాసిన రూల్: "ఏ రెండు శక్తులైనా కలుస్తాయి. బలం రెండింటి మొత్తం."

కోటగుమ్మం బలం పది. నేను ఆరు పాళ్లు అగ్ని, ఆరు పాళ్లు జలం పోశాను. పన్నెండు రావాలి కదా? కుండి పగిలిందన్నాడు. ఆవిరి కొట్టి నా మాంత్రికుడి కుడిచెయ్యి పోయిందన్నాడు. ఎందుకన్నా అంటే "సమానంగా పోశావు కాబట్టి" అట. పదకొండు వారాలు పెంచుకున్న పాత్ర. ఇది న్యాయమేనా?

కాచిగూడ కథకుడు:
ఆ మాస్టర్‌ని నేనే. మూడో వారంలో గుడి పూజారి మీ చేతిలో తేనె, నెయ్యి పెట్టి ఏమన్నాడు? "విడివిడిగా రెండూ అమృతమే. సమపాళ్లలో కలిపితే విషం." అది నేను పుట్టించిన మాట కాదు, ఆయుర్వేదంలో విరుద్ధాహారం కింద చెప్పేదే. మిగతా వాళ్లంతా రాసుకున్నారు. గారడీ తమ్ముడు ఆ టైమ్‌లో ఫోన్‌లో స్కోర్ చూసుకుంటున్నాడు.

పదకొండు కేవీ:
అన్నా, తేనె సంగతి నాకు తెలీదు, కరెంటు సంగతి తెలుసు. నా ఉద్యోగమే అది. రెండు జనరేటర్లను ఒకే బస్‌బార్ మీద, అంటే కరెంటంతా చేరే లోహపు పట్టీ మీద, కలపాలంటే కావాల్సింది సమానత్వమే. వోల్టేజీ, ఫ్రీక్వెన్సీ, ఫేజ్ (రెండు కరెంటు అలలూ ఒకే క్షణంలో లేచిపడటం) అన్నీ సరిపోవాలి. సింక్రోస్కోప్ అని గడియారం లాంటిది ఉంటుంది. దాని ముల్లు నెమ్మదిగా తిరుగుతూ సరిగ్గా పన్నెండు దగ్గరికి వస్తున్నప్పుడు బ్రేకర్, అంటే రెండింటినీ కలిపే పెద్ద స్విచ్, వెయ్యాలి. ముల్లు ఆరు దగ్గరున్నప్పుడు వేశావంటే మెషీన్ షాఫ్టుకే ముప్పు. మొదటిసారి ఆ ముల్లు చూస్తూ నిలబడ్డ రోజు నాకు ఏసీ గదిలో చెమటలు పట్టాయి.

మన దక్షిణాది గ్రిడ్డే చూడండి. 2013 డిసెంబర్ 31 దాకా మిగతా దేశంతో, ఫేజ్ కలపక్కర్లేని డీసీ లింకుల ద్వారానే బంధం. ఆ రోజు రాయచూర్-షోలాపూర్ లైన్‌తో ఫేజ్ కలిపారు. కాబట్టి కుండి పగలాలంటే కారణం పాళ్లు కాదు, పోసిన క్షణం. రెండు మూతుల్లో ఒకేసారి పోశాడా, ముందూ వెనకా పోశాడా? అది అడిగారా?

గండిపేట గారడీ:
అడగలేదు! డైస్ కూడా వెయ్యనివ్వలేదు!

మలక్‌పేట అక్క:
ఇద్దరూ ఆగండి. మా అమ్మ పూజగదిలో శ్రీచక్రం రేకు ఉంది, శుక్రవారాలు తుడిచేది నేనే. పైకి చూసే శివ త్రికోణాలు నాలుగు, కిందికి చూసే శక్తి త్రికోణాలు ఐదు. సమానం కావు. అక్కడికి మాస్టర్ మాటే నెగ్గింది. కానీ ఆ తొమ్మిదీ ఒకదాన్నొకటి కోసుకుంటే లోపల ఏర్పడే చిన్న త్రికోణాలు 43. నాలుగూ ఐదూ తొమ్మిది కాలేదు చూశారా? రెండు శక్తులు కలిసే చోట కూడిక ఉండదు. నోట్‌బుక్‌లో "మొత్తం" అని రాసినప్పుడే తప్పు జరిగింది, తమ్ముడు దాన్ని నమ్మాడు. ఫోన్ చూడటం వేరే నేరం, దాన్ని ఇందులో కలపకండి.

ఒకసారి స్కేలు, కంపాస్ పెట్టుకుని ఆ చక్రం గీయడానికి కూర్చోండి. ఒక్క గీత కొంచెం జరిగినా ముడులు కలవవు. నేను మూడు కాగితాలు పాడు చేసి వదిలేశాను.

దమ్ చాయ్:
ఇంత దూరం ఎందుకు? ఇరానీ హోటల్లో డికాషన్ మూతపెట్టి దమ్ మీద వేరే ఉడుకుతుంది, పాలు వేరే మరుగుతాయి. రెండూ కలిసేది కప్పులోనే. లోపలే కలిపే పాత్ర ఎవడు కొనమన్నాడు?

కాచిగూడ కథకుడు:
వాళ్లు కొనలేదు, సమాధిలోంచి ఎత్తుకొచ్చారు. 😄 అక్క చెప్పిన "మొత్తం" తప్పు నాదే, ఒప్పుకుంటున్నా. కానీ సూచన ఇచ్చాను కదా?

గండిపేట గారడీ:
సూచన ఎక్కడో గుడిలో, రూల్ కళ్లెదుట. ఏది నమ్మాలి? పోనీ, మా ఊరి లెక్కే చెప్తా. మూసీ, ఈసీ నదులు లంగర్‌హౌస్ బాపూఘాట్ దగ్గర కలుస్తాయి. 1908 వరద ఊరిని ముంచాక ఏం చేశారు? రెండూ కలిసే చోట కట్ట వెయ్యలేదు. కలవకముందే ఆపారు. మూసీ మీద 1920లో గండిపేట జలాశయం, ఈసీ మీద 1927లో హిమాయత్ సాగర్. దేని గేట్లు దానివే. మరి నీ కుండికి గేట్లేవీ? రెండు శక్తులు పట్టే పాత్ర పోతపోసిన కంచరి, మూతులకు బిరడాలు పెట్టడం మర్చిపోతాడా? అంత తెలివితక్కువవాడైతే కుండి అతని చేతిలోనే పేలిపోయేది.

పదకొండు కేవీ:
ఈ మాటకు జవాబు లేదు అన్నా.

మలక్‌పేట అక్క:
నాకూ కంచరి పాయింటే నచ్చింది.

కాచిగూడ కథకుడు:
సరే, బిరడాలు ఉండేవి. సమాధిలో పడిపోయాయి. వెతుక్కోవడం మీ పని. దొరికాక ఒక్కో బిరడాకి ఒక డైస్. రెండు అంకెల మధ్య తేడా రెండులోపు ఉంటే శక్తులు కలుస్తాయి, దాటితే ఆవిరే. కలిస్తే ఏమవుతుందో ముందు చెప్పను, "మొత్తం" మాత్రం కొట్టేశాను. పగులుకు అతుకు వేసే పనివాడు పక్క రాజ్యంలో దొరుకుతాడు. చెయ్యి మాత్రం తిరిగి రాదు తమ్ముడూ.

గండిపేట గారడీ:
ఎడమచేత్తో మంత్రం వేస్తే ఎంత కోత?

కాచిగూడ కథకుడు:
మూడు.

గండిపేట గారడీ:
ఒకటి.

మలక్‌పేట అక్క:
రెండు చేసుకోండి. ఆదివారం సమోసాలు గారడీ వంతు, గుర్తుందిగా?

పదకొండు కేవీ:
నన్నూ పిలిస్తే అట్టముక్కతో సింక్రోస్కోప్ చేసి తెస్తా. ముల్లు నేనే తిప్పుతా.