అప్‌డేట్: అమ్మానాన్నలతో డెత్ వ్యాలీకి వెళ్లొచ్చాం

లాస్ వేగాస్ నుంచి కాలిఫోర్నియా ఎడారిలో ఉన్న డెత్ వ్యాలీకి అమ్మానాన్నలను మా కారులో తీసుకెళ్లాలా, గైడ్ ఉండే చిన్న వ్యాన్ ట్రిప్ మేలా అని పోయిన నెల అడిగాను కదా. వ్యాన్‌లోనే వెళ్లాం. మొత్తం పది మందిమి. చాలాచోట్ల ఫోన్ సిగ్నల్ లేదు, దారి తెలిసిన మనిషి ఉండటంతో టెన్షన్ పడలేదు.

అక్కడి ఉప్పు మైదానం బ్యాడ్‌వాటర్ బేసిన్‌లో గైడ్ వెనక్కి తిరిగి కొండ పైకి చూడమన్నాడు. ఎక్కడో ఎత్తున, రాతి మీద "సీ లెవల్" అని బోర్డు! మేం నిలబడింది సముద్రమట్టానికి 282 అడుగుల దిగువన. నాన్న చాలాసేపు దాన్నే చూస్తూ ఉండిపోయారు. అమ్మేమో ఉప్పు పొరను వేలితో తాకి, నాలుకకు రాసుకుని "అచ్చం మన కల్లుప్పేరా" అంది.

ఆర్టిస్ట్స్ ప్యాలెట్ దగ్గర కొండల్లో ఆకుపచ్చ, గులాబీ రంగులు నిజంగానే కనిపిస్తాయి. ఇసుక దిబ్బలు మాత్రం మోకాళ్ల నొప్పులున్నవాళ్లకు కష్టం, అమ్మ కిందే కూర్చుంది. అక్కడ ఇంకో అరగంట ఇచ్చి ఉంటే బాగుండేది.

నీళ్లు ఎక్కువ పెట్టుకోమన్నవారికి, వేసవిలో వద్దన్నవారికి చాలా థాంక్స్. డెత్ వ్యాలీలోనే ఉన్న ఫర్నెస్ క్రీక్‌లో 1913 జులైలో 56.7 డిగ్రీలు నమోదైందట. మేం వెళ్లిన ఫిబ్రవరిలో పొద్దున స్వెటర్ వేసుకున్నాం.