ఫిబ్రవరిలో రోటర్‌డామ్ అహాయ్ టెన్నిస్: కొత్తవాళ్లు వెళ్లొచ్చా?

ప్రశ్న (రోటర్‌డామ్‌కి కొత్తగా వచ్చిన సభ్యుడు)

అందరికీ నమస్కారం. జనవరి మొదటి వారంలో ఏలూరు నుంచి నెదర్లాండ్స్‌లోని ఈ ఊరికి వచ్చాను. పొద్దున ఎనిమిదిన్నర దాకా చీకటే, సాయంత్రం ఐదు కాకముందే మళ్లీ చీకటి. ఆఫీసు, గది, ఇంటికి వీడియో కాల్, రోజు గడిచిపోతోంది. మా టీమువాళ్లు ఫిబ్రవరిలో అహాయ్ అనే హాల్లో టెన్నిస్ చూడ్డానికి వెళ్తున్నారు, నన్నూ రమ్మన్నారు. టికెట్టు ఎవరిది వాళ్లే కొనుక్కోవాలి. నాకు తెలిసిందల్లా క్రికెట్టు. టెన్నిస్‌లో ఫెదరర్, సానియా మీర్జా పేర్లు తప్ప ఏమీ తెలియదు. డబ్బు పెట్టి వెళ్లి దిక్కులు చూస్తూ కూర్చుంటానేమోనని టెన్షన్‌గా ఉంది. అంత పేరున్న టోర్నమెంటేనా? వెళ్లమంటారా?

జవాబు (రోటర్‌డామ్‌లో పన్నెండేళ్లుగా ఉంటున్న సభ్యురాలు)

తమ్ముడూ, వెళ్లు. ఇంకేం ఆలోచించకు. నేను వచ్చిన కొత్తలో నాకూ ఫిబ్రవరి అంటే ఏడుపొచ్చేది. ఈ ఊరు నాది అని మొదటిసారి అనిపించింది ఆ హాల్లో కూర్చున్నప్పుడే. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ముందు హాలు సంగతి. 1940 మే 14న జర్మన్ బాంబులకి ఈ ఊరి నడిబొడ్డంతా కాలిపోయింది. నీకు సెంటర్లో పాత భవనాలు పెద్దగా కనిపించకపోవడానికి కారణం అదే. యుద్ధం అయ్యాక రేవును మళ్లీ కట్టుకున్నారు. ఆ సంతోషంలో 1950లో 'రోటర్‌డామ్ అహాయ్' అని పెద్ద ఎగ్జిబిషన్ పెట్టారు. అహాయ్ అంటే ఓడల మీద ఒకళ్లనొకళ్లు పిలుచుకునే కేక. మన పడవలవాళ్లు ఓహోయ్ అని పిలుస్తారు చూడు, అలాంటిదే. 1953లో వరదలొచ్చి ఇళ్లు మునిగినప్పుడు అప్పటి అహాయ్ హాల్లోనే జనానికి తలదాచుకునే చోటు ఇచ్చారు. ఇప్పుడు నువ్వు వెళ్లబోయేది ఊరి దక్షిణాన 1971లో తెరిచిన కొత్త అహాయ్. మరుసటి ఏడాదే అందులో టెన్నిస్ మొదలైంది.

1972లో మొదటి టోర్నమెంటు గెలిచింది ఆర్థర్ యాష్. ఫైనల్లో ఆయన చేతిలో ఓడింది ఇక్కడివాడే, టామ్ ఓకర్. 1973లో టోర్నమెంటు జరగలేదు. 1974లో ఓకర్ గెలిచి ఆ బాకీ తీర్చుకున్నాడు. 1975, 76లో మళ్లీ యాషే. ఈయన గురించి మాత్రం కాస్త చదువుకో తమ్ముడూ. అమెరికాలో రిచ్‌మండ్ అనే ఊళ్లో పుట్టాడు. నల్లవాడని ఆ ఊళ్లో తెల్లవాళ్ల కోర్టుల్లోకి రానిచ్చేవాళ్లు కాదు. అలాంటి మనిషి 1975 జులైలో వింబుల్డన్ గెలిచాడు. వింబుల్డన్ సింగిల్స్ గెలిచిన మొదటి నల్లజాతి పురుషుడు ఆయనే. అదే ఏడాది, దానికి కొన్ని నెలల ముందు, ఈ హాల్లో కప్పు ఎత్తాడు. మొత్తం మూడుసార్లు ఇక్కడ గెలిచాడు. ఆ లెక్కను అందుకోవడానికి ఫెదరర్ లాంటివాడికి 2018 దాకా పట్టింది.

విజేతల జాబితా చూస్తే 1984 దగ్గర పేరు ఉండదు. ఆ ఏడు ఫైనల్లో ఇవాన్ లెండిల్, జిమ్మీ కానర్స్ ఆడుతున్నారు. లెండిల్ మొదటి సెట్ 6-0తో తీసుకుని, రెండో సెట్లో 1-0తో ముందున్నాడు. ఇంతలో ఎవరో పేరు చెప్పకుండా పోలీసులకి ఫోన్ చేసి, కోర్టు దగ్గర బాంబు పెట్టామన్నారు. హాలంతా ఖాళీ చేయించి వెతికారు, ఏమీ దొరకలేదు. మళ్లీ ఆడమంటే లెండిల్ ఒప్పుకోలేదు. అంతే, ఆట అక్కడే ఆగిపోయింది. మా ఆఫీసులో పెద్ద వయసు డచ్ ఆయన ఒకాయన ఈ కథ చెబుతూ 6-0, 1-0 అని వేళ్లతో చూపించేవాడు. నువ్వు భోజనాల దగ్గర ఈ సంగతి ఎత్తు. ఇక్కడివాళ్లు మొదట్లో ముభావంగా ఉంటారు గానీ, ఊరి కథ నీకు తెలుసని తెలిస్తే గలగలా మాట్లాడతారు.

ఇప్పుడు టోర్నమెంటును చూసుకునేది రిచర్డ్ క్రయచెక్. 2004 నుంచి డైరెక్టర్ ఆయనే. చెక్ దేశం నుంచి వలస వచ్చిన తల్లిదండ్రులకి ఈ ఊళ్లోనే పుట్టాడు, 1971లో. 1996లో వింబుల్డన్ గెలిచాడు. డచ్ మగవాళ్లలో అక్కడ సింగిల్స్ గెలిచింది ఆయనొక్కడే. ఇక్కడ 1995లో, 97లో గెలిచాడు. మా అబ్బాయి ఈ ఊళ్లోనే పుట్టాడు కాబట్టి నాకు ఆయన కథ అంటే ప్రత్యేకమైన ఇష్టం.

ఇక నా కళ్లతో చూసింది ఒకటి చెప్తాను. 2018 ఫిబ్రవరి 16, శుక్రవారం, క్వార్టర్ ఫైనల్. ఫెదరర్‌కి 36 ఏళ్లు. ఆ మ్యాచ్ గెలిస్తే మళ్లీ ప్రపంచ నంబర్ వన్ అవుతాడు, అంత వయసులో అంతకుముందు ఎవరూ అవ్వలేదు. ఎదురుగా ఉన్నది డచ్ కుర్రాడు రాబిన్ హాసా. మేము పై వరసల్లో కూర్చున్నాం. మొదటి సెట్ హాసా 6-4తో గెలిచేసరికి నా పక్కన కూర్చున్న పెద్దావిడ చప్పట్లు కొడుతూనే కళ్లు తుడుచుకుంటోంది. సొంత కుర్రాడు గెలవాలి, ఫెదరరూ గెలవాలి, ఆమె బాధ అది. తర్వాత ఫెదరర్ 6-1, 6-1తో ముగించాడు. పదివేల మంది లేచి నిలబడ్డారు. కోర్టులో ఆయన కళ్లలో నీళ్లు, మా వరసలో అందరి కళ్లలోనూ నీళ్లు. ఆవిడ నా చెయ్యి పట్టుకుని డచ్‌లో ఏదో అంది. అప్పటికి నాకు ఆ భాష సరిగా రాదు. అయినా అర్థమైంది.

వెళ్లేటప్పుడు గుర్తుపెట్టుకోవలసినవి: సెంట్రల్ స్టేషన్ నుంచి మెట్రో డి గానీ ఇ గానీ ఎక్కి జౌడ్‌ప్లైన్‌లో దిగు, అక్కణ్ణుంచి నడకే. దిగాక కార్డు ట్యాప్ చేయడం మర్చిపోకు. ఆట జరుగుతుండగా లేవకూడదు, లోపలికీ రానివ్వరు. ఆటగాళ్లు వైపులు మారేదాకా తలుపు దగ్గర ఆపుతారు, అది అందరికీ వర్తించే పద్ధతే, చిన్నబుచ్చుకోకు. సర్వీసు ముందు హాలంతా నిశ్శబ్దమైపోతుంది. చుట్టూ చీకటి, కోర్టు మీద మాత్రం వెలుగు, బంతిని నేలకి కొట్టుకుంటున్న టప్ టప్ చప్పుడు పై వరస దాకా వినిపిస్తుంది. టీవీలో ఆ చప్పుడు తెలియదు. సోమ, మంగళవారాల టికెట్టు కొనుక్కో, ఆదివారం ఫైనల్ కంటే తక్కువలో వస్తుంది, ఎక్కువ మ్యాచ్‌లు చూడొచ్చు.

ఇంకో జవాబు (డెన్ హాగ్ సభ్యుడు)

అక్క సింగిల్స్ గురించి చెప్పారు. నేను డబుల్స్ సంగతి చెప్తాను, మనవాళ్లు ఎక్కువగా కనిపించేది అందులోనే. 2023లో రోహన్ బోపన్న, మాథ్యూ ఎబ్డెన్ ఇక్కడ ఫైనల్ దాకా వచ్చారు. బోపన్నకి అప్పుడు 42 ఏళ్లు. కొద్ది రోజుల ముందే మన సానియాతో కలిసి ఆస్ట్రేలియన్ ఓపెన్ మిక్స్‌డ్ డబుల్స్ ఫైనల్ ఆడి వచ్చాడు, సానియాకి అదే ఆఖరి గ్రాండ్‌స్లామ్. ఇక్కడి ఫైనల్లో సెట్లు సమానమయ్యాక గెలుపు తేల్చే చివరి టైబ్రేక్ 12-10తో పోయింది. మేము నలుగురం జెండా పట్టుకుని వెళ్లి గొంతు పోయేదాకా అరిచాం. ఇప్పటికీ ఆ రెండు పాయింట్లు తలుచుకుంటే బాధేస్తుంది.

అదే వారంలో అక్కడే వీల్‌చెయిర్ టెన్నిస్ కూడా జరుగుతుంది, తప్పకుండా చూడు. బంతి రెండుసార్లు నేల తాకాక కూడా కొట్టొచ్చు, మిగతా రూల్స్ మామూలువే. ఈ దేశపు ఎస్తర్ వెర్‌ఖేర్ సింగిల్స్‌లో వరసగా 470 మ్యాచ్‌లు గెలిచింది. చక్రం తిప్పిన చేత్తోనే రాకెట్ ఎలా అందుకుంటారో దగ్గర్నుంచి చూస్తే తప్ప నమ్మబుద్ధి కాదు.

మళ్లీ ప్రశ్న అడిగిన సభ్యుడు

అక్కా, అన్నా, చాలా థాంక్స్. మంగళవారానికి టికెట్టు తీసుకున్నాను. ఈ సంగతులన్నీ రాత్రి నాన్నకి ఫోన్లో చదివి వినిపించాను. కానర్స్, లెండిల్ పేర్లు వినగానే నాన్న లేచి కూర్చున్నారు. వాళ్ల కుర్రతనంలో దూరదర్శన్‌లో వింబుల్డన్ చూసేవాళ్లట. ఎప్పుడూ రెండు నిమిషాల్లో అమ్మకి ఫోన్ ఇచ్చేసే మనిషి, అరగంట మాట్లాడారు. మరి ఆ మిగిలిన మ్యాచ్ తర్వాత ఎప్పుడు ఆడారు అని అడుగుతున్నారు.

జవాబు (అదే సభ్యురాలు)

ఆడలేదు తమ్ముడూ. ఇప్పటికీ 6-0, 1-0 దగ్గరే ఉంది. నాన్నగారికి మా నమస్కారాలు చెప్పు. మంగళవారం లోపలికి వెళ్లాక ఒకసారి వీడియో కాల్ చేసి హాలు చూపించు, ఆట మొదలయ్యేలోపు. మెట్రో దిగాక గాలి బాగా కొడుతుంది, చెవులు మూసుకునేలా టోపీ పెట్టుకో.