పలకల కింద దుంగల ఇల్లు బయటపడింది, సందుల్లో సిమెంట్ పెట్టొచ్చా?

అమెరికాలో మిన్నెసోటా రాష్ట్రంలోని ఓ పల్లెలో పోయినేడు 5 ఎకరాలతో ఓ పాత ఇల్లు కొన్నాం. కారుతున్న గోడ చూద్దామని బయటి చెక్క పలక ఒకటి ఊడదీస్తే లోపల దుంగలు! గొడ్డలితో చెక్కిన గాట్లు ఇంకా చేతికి తగులుతున్నాయి. మూలల్లో దుంగలు ఒకదాన్నొకటి పట్టుకున్నట్టు కోసి కూర్చారు, మేకు ఒక్కటీ లేదు. సందుల్లో మట్టి, గడ్డి కూరారు.

భూమి పాత పట్టా ఆన్‌లైన్‌లో దొరికింది, అందులో ఉన్నది నార్వేవాళ్ల పేరులా ఉంది. 1862 హోమ్‌స్టెడ్ చట్టం కింద ఇల్లు కట్టి, 5 ఏళ్లు ఉండి సాగు చేస్తే 160 ఎకరాల దాకా ఇచ్చేవారు. వలస వచ్చినవాళ్లయితే పౌరసత్వం తీసుకుంటామని ముందే రాసివ్వాలి.

ఇప్పుడు అసలు టెన్షన్. మేస్త్రీ సందులన్నీ సిమెంట్‌తో పూడ్చేద్దామంటున్నాడు. వీడియో కాల్‌లో చూసిన మా నాన్న మాత్రం "వద్దురా, తేమ లోపలే ఉండిపోయి కర్ర కుళ్లుతుంది, సున్నమో మట్టో పెట్టించు" అన్నారు. ఆయన పెరిగింది మట్టిగోడల ఇంట్లోనే, నాకూ ఆయన మాటే సబబనిపిస్తోంది. కానీ ఇక్కడి మంచుకి సున్నం ఆగుతుందా? ఇలాంటి ఇల్లు బాగుచేయించినవాళ్లు ఏం వాడారు?

ఇంకోటి. నేషనల్ ఆర్కైవ్స్‌లో (ప్రభుత్వ పాత రికార్డులు దాచే చోటు) ఉండే హోమ్‌స్టెడ్ ఫైలు ఎవరైనా తెప్పించుకున్నారా? అందులో ఇంటి కొలతలు, కిటికీల లెక్క కూడా రాసి ఉంటాయట. ఎన్నాళ్లు పట్టింది? మేస్త్రీ వచ్చే వారమే వస్తానంటున్నాడు, కాస్త త్వరగా చెప్పండి.