సమస్య: లక్ష్మి యడుగుపెట్ట లాభ ముడిగె

నిర్వాహకుడు: నిన్న విశాఖ పాతపోస్టాఫీసు దగ్గర ఫ్రేములు కట్టే కొట్లో చిత్రకారుడు రవివర్మ వేసిన లక్ష్మి పటం కనబడింది. తామర మీద నిలబడి ఉంటుందే, అది. అక్కడే పై పద్యపాదం తట్టింది. దాన్నే ఆఖరి పాదంగా పెట్టి రేపు రాత్రి పదిలోపు ఆటవెలది పూరించండి.

సీతమ్మధార మాస్టారు:
రంగురంగు లద్ది రాతి యచ్చున బెట్టి
పేద గడపకెల్ల పేర్మి బంపె
కాని యచ్చుశాల కప్పుల కుప్పయై
లక్ష్మి యడుగుపెట్ట లాభ ముడిగె

1894లో రవివర్మ బొంబాయిలో పెట్టిన ప్రెస్సు గురించి. ప్లేగు, అప్పులు, చివరికి జర్మన్ టెక్నీషియన్ ఫ్రిట్జ్ ష్లైషర్‌కి అమ్ముకున్నారు.

భీమిలి: ఎత్తుగడ అద్భుతం మాస్టారూ. కానీ మూడో పాదంలో యతి పోయింది, పాదం మొదటి అక్షరానికి మధ్యలో జత కుదరలేదు. శాలకు, అప్పుల అని విడదీస్తే అక్కడున్నది ‘అ’. దానికి ‘కా’తో మైత్రి ఎక్కడిది? ‘కాని యచ్చుశాల ఖాతాలు చూడగా’ అంటే సరి. సంక్రాంతికి దత్తపదిలో, అదే ఇచ్చిన మాటలతో పద్యం అల్లేదాంట్లో, నా కంద పద్యాన్ని మూడు రోజులు వదల్లేదు మీరు.

సీతమ్మధార మాస్టారు: పాదాల రెండో అక్షరంలో ‘త్త’కి ఒట్టి ‘త’ ప్రాస వేశావు, ఎలా వదులుతాను? ఇది మాత్రం నా తప్పే. ‘ఖాతాలు’ తీసుకుంటున్నాను.

ఎంవీపీ కాలనీ: లాభం ప్రెస్సుదే ఎందుకవ్వాలి?
గుడికి రావలదని గుమ్మాన నాపిన
కుటిలబుద్ధి కెంత కోత గలిగె
పటము రూపు దాల్చి బడుగుల గోడపై
లక్ష్మి యడుగుపెట్ట లాభ ముడిగె

పెదవాల్తేరు: అబ్బ! ‘లాభం’ మోసుకెళ్లి గుడి గుమ్మంలో పెట్టావమ్మా. ఈమధ్య ఇలాంటి మలుపు చూడలేదు. కానీ రవివర్మని అంత ఎత్తడం ఒప్పుకోను. కళా విమర్శకుడు ఆనంద కుమారస్వామి ఆయన బొమ్మలు నాటకీయంగా ఉన్నాయన్నారు, ఊహ లేదన్నారు. నా బాధ వేరు. దేవతలందరికీ తెల్లటి ఒళ్లు, పట్టుచీర, ఒంటినిండా నగలు. మా అమ్మలాంటి నల్లటి లక్ష్మి ఏ గోడ మీదా లేదు.

ఎంవీపీ కాలనీ: నిజమే అన్నయ్యా. అయినా మా అమ్మమ్మ ఆ పటంలో చీర చోట జరీ ముక్క అతికించుకుంది. రోజూ అద్దం మీద కుంకుమ పెట్టేది. అది పేరుకుపోయి లక్ష్మి మొహం రంగేమిటో మాకెవరికీ కనిపించేది కాదు. మా అమ్మమ్మని ఊళ్లో గుడిలోకి రానిచ్చేవారు కాదు.

సీతమ్మధార మాస్టారు: రెండో పాదంలో ‘ఎంత’ ఖాళీ నింపడానికి వేసిన మాటలా ఉంది తల్లీ, అదొక్కటీ చూసుకో. మిగతాది ముట్టుకోకు.